బావిలోంచి ‘ఏటీ?’

బాగన్ దాతుక్

చిరంజీవి తివ్యని చిన్నమ్మమ్మ రాసమ్మ దీవించి రాసే ఉత్తరం. ఇక్కడ నేనూ, పిల్లీ, పెరట్లో కొబ్బరిచెట్లూ క్షేమం. నా ఎడమ చెవి మాత్రం క్షేమం కాదు. నీ క్షేమం ఉత్తరంలో రాయి, ఫోను చేయకు. ఫోనులో నువ్వు మొదటి మాట తెలుగులో, రెండోది తమిళంలో, మిగతాదంతా ఇంగ్లీషులో మాట్లాడి "ఓకే లా, బై" అని పెట్టేస్తావు. ఉత్తరం అయితే కూర్చుని తెలుగే రాయాలి. ఆదివారం క్లాసులో నేను దిద్దించిన అక్షరాలు ఆ సైబర్‌జయ ఏసీ గదుల్లో గడ్డకట్టిపోకుండా ఉండాలంటే ఇదొక్కటే దారి.

అసలు సంగతికి వస్తాను. పోయిన నెల నువ్వు మీ సౌండు కంపెనీ తరఫున ఒక జపాను ఆయన్ని మా ఇంటికి తీసుకొచ్చావు. బట్టతల, నల్ల చొక్కా, చేతిలో పొడుగాటి మైకు, దానికి బొచ్చు తొడుగు. మా పిల్లి ఆ బొచ్చుని ఇప్పటికీ మరిచిపోలేదు. పేరు శివతాత అన్నావు. అంత చిన్న వయసుకే తాత ఏమిటి పాపం అనుకున్నాను. ఆయన వంగి వంగి దణ్ణాలు పెడుతూ ఏదో అడగడం, నాకు వినపడక "ఏటి? ఏటీ?" అనడం, నువ్వు నా కుడి చెవి దగ్గరికొచ్చి "మీ అమ్మ పాడే పాట పాడమంటున్నారు" అని అరవడం. సరే, పాడాను. మర్యాద తెలిసినవాడు. కళ్ళు మూసుకుని విన్నాడు, రెండు గ్లాసుల కోపి తాగాడు.

ఇప్పుడు నాకు కొన్ని సంగతులు తెలియాలి. ఆ పాట దేనికి? ఎవరు వింటారు? అంతా వేస్తారా, కొంచెమేనా? కొంచెమైతే ఏ కొంచెం? మొదటి రెండు వరసలా, తరవాతవా? ఇది వెంటనే రాయి.

ఇక్కడ నా పరిస్థితి ఏమీ బాగోలేదు. నా మరిది కన్నబాబు రామభజన మందిరానికి ప్రెసిడెంటు అయ్యాక వాడి నడకే మారిపోయింది. ఆదివారం తెలుగు క్లాసు మూసేస్తానంటున్నాడు. పిల్లలు నలుగురే వస్తున్నారట. కోలాలంపూర్ నుంచి డిగ్రీ చదివిన టీచరు ఎవరో కంప్యూటర్లో పాఠం చెబుతారట. అదీగాక "ఒదినా, నువ్వు ఏటి అంటావు. పుస్తకంలో ఏమిటి అని ఉన్నాది. పిల్లలు పాడైపోతారు" అన్నాడు. "నువ్వు మాత్రం ఏటి అనవేటి మరిదీ?" అని అడిగాను. "నాను టీచర్ని కాను లా" అన్నాడు.

ఆ క్లాసు పోతే నాకు ఆదివారం అంటూ ఉండదు తివ్యా. మిగతా వారమంతా నేను దాని కోసమే గడుపుతాను. ఇప్పుడు కన్నబాబుకి నా మీద కోపం తెప్పించే పని ఏదీ జరగకూడదు. అందుకే అడుగుతున్నాను, ఆ పాట సంగతి చూడు.

ఇట్లు
నీ చిన్నమ్మమ్మ
రాసమ్మ

తా.క.: శివతాత వెళ్తూ వెళ్తూ నా చేతిలో రంగు కాగితం చుట్టిన చిన్న పొట్లం పెట్టాడు. వాసన సబ్బులా ఉంది. రుచి కూడా సబ్బులానే ఉంది. అదేమిటో కనుక్కుని రాయి. సగం తిన్నాను.


సైబర్‌జయ

పూజ్యులైన చిన్నమ్మమ్మకి నీ శిష్యురాలు తివ్య నమస్కరించి రాసేది. నేను క్షేమం. పక్కన డిక్షనరీ పెట్టుకుని రాస్తున్నాను. తప్పులుంటే ఎర్ర పెన్ను తీయకుండా చదువు.

వచ్చినాయన శివతాత కాదు అమ్మమ్మా, షిబాతా. దివంగత షిబాతా గారు. జపానులో కరాయిదో అని ఒక దివంగత రాక్ బ్యాండు ఉంది. కరాయిదో అంటే నీళ్ళు లేని బావి. అందులో షిబాతా గారు డ్రమ్ములు వాయించేవారు. మా బాసు చిన్నప్పుడు ఆ నలుగురు దివంగతుల బొమ్మలు గోడ నిండా అంటించుకున్నాడట. తరవాత పాడే ఆయనకీ షిబాతా గారికీ గొడవొచ్చింది. ఒకరి సాక్సు ఒకరు వేసుకున్నారని మొదలై, బ్యాండు విడిపోయేదాకా వెళ్ళింది. చాలా ఏళ్ళు మాటల్లేవు. ఇప్పుడు ఒక దెయ్యం సినిమా కోసం నలుగురూ మళ్ళీ కలిశారు. జపాను అంతా దీని గురించే మాట్లాడుకుంటోంది.

సినిమా మన దేశంలోనే, ఒక పాత కొబ్బరి తోటలో తీశారు. తప్పిపోయిన తల్లి కోసం ఒక జపాను పాప ఆ తోటలో పాడుబడ్డ బావి దగ్గరికి వెళ్ళి పిలుస్తుంది. చివర్లో బ్యాండు వాళ్ళ కొత్త పాట వస్తుంది. అందులో తోటల్లో బతికినవాళ్ళ గొంతు ఒకటి కావాలని వెతుకుతుంటే నేను నీ పేరు చెప్పాను.

నీ పాట స్టూడియోలో అందరం కూర్చుని విన్నాం. మాటలు నాకు సగం అర్థం కాలేదు, కానీ ఎంత పాతగా, ఎంత పవిత్రంగా ఉన్నాయో! షిబాతా గారికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఎంత వేస్తారో ఇంకా తేలలేదు. మొత్తం వేయించడానికి నేను పోరాడతాను. మాట ఇస్తున్నాను.

క్లాసు గురించి దిగులు పడకు. కన్నబాబు తాతయ్యకి వాట్సాప్‌లో పెద్ద మెసేజు పెట్టాను. అంతా తెలుగే. నీ క్లాసులో చదివినదాన్ని ఎంత గౌరవంగా రాయగలనో చూస్తే ఆయనే మెత్తబడతారు.

ఇట్లు
తివ్య

తా.క.: అది సబ్బే. జపాను హోటలు సబ్బు. మిగతా సగం తినకు.


బాగన్ దాతుక్

ఒసే తివ్యా, దీవెనలు. క్షేమ సమాచారం తరవాత.

ముందు ఇది చెప్పు. దివంగత షిబాతా అంటే ఏమిటే? పోయిన మనిషి నా ఇంట్లో కూర్చుని రెండు గ్లాసుల కోపి తాగాడా? పోయినవాళ్ళు నలుగురు కలిసి దెయ్యం సినిమాకి పాడుతున్నారా? దెయ్యాలకి పాదాలు వెనక్కి తిరిగి ఉంటాయని మా అమ్మ చెప్పేది. బాగా గుర్తు తెచ్చుకున్నాను. శివతాత బూట్లు గుమ్మంలో విడిచి లోపలికొచ్చాడు. సాక్సుకి చిరుగు ఉంది, అందులోంచి బొటనవేలు కనిపించింది, అది ముందుకే ఉంది. అప్పుడు ఊపిరి పీల్చుకున్నాను. అయినా ఆయన కూర్చున్న కుర్చీని ఉప్పునీళ్ళతో కడిగాను.

ఇంతలో కన్నబాబు మోటారుసైకిలు దిగుతూనే కేకలు. నువ్వు పెట్టిన మెసేజు వాడికి ఒక్కడికే పెట్టలేదు, మందిరం గ్రూపులో పెట్టావు. మొదటి వరస "దివంగత కన్నబాబు తాతయ్య గారికి". ఆ తరవాతది అప్పుడు ఎవరూ చదవలేదు. ఊళ్ళో ఫోన్లన్నీ మోగాయి. వాడి బావమరిది కృష్ణకుమార్ బంటింగ్ నుంచి కారేసుకుని, పెద్ద దండ పట్టుకుని, దారంతా ఏడ్చుకుంటూ వచ్చాడు. తలుపు కొడితే తీసింది కన్నబాబే. కృష్ణకుమార్ దండ అక్కడే పడేసి కారెక్కేశాడట.

తప్పు ఎక్కడ జరిగిందో నాకు అర్థమైంది. మందిరం గోడ మీద పెద్దవాళ్ళ ఫోటోలన్నిటి కింద దివంగత అని రాసి ఉంటుంది. అది చూసి నువ్వు అదేదో బిరుదు అనుకున్నావు. బిరుదు కాదే తల్లీ. కాలం చేసినవాళ్ళకి రాసేది.

కన్నబాబుకి మంచి అవకాశం దొరికింది. "సూసినావా ఒదినా, నీ క్లాసు తెలుగు! బతికున్నోడిని సంపీసినాది" అని అందరి ముందూ అన్నాడు.  వాడి పక్కన వాడి పెళ్ళాం శాంతాదేవి తల దించుకుని నవ్వు ఆపుకుంటోంది. తరవాత ఇంకో మాట అన్నాడు. "ఆ జపానోళ్ళ సినిమాలో నీ పాట ఉన్నాదంట గదా. బస్సు కడతాను. మందిరం అంతా తెలుక్ ఇంతాన్ సినిమా హాలుకి ఎల్లి సూద్దుం. అక్కడ నీ తెలుగు నలుగురూ ఇన్నాక తేల్చీస్తాను. బాగుంటే క్లాసు ఉంటాది. నేకపోతే తాళమే."

నువ్వు ఆ పాట సంగతి గ్రూపులో ఎందుకు రాశావే?

సరే, అయ్యిందేదో అయింది. ఇప్పుడు శివతాతతో నా మాటగా చెప్పు. ముసలిదాని గొంతులో కఫం ఉందనీ, పాట బాగా చిన్నగా వేయమనీ చెప్పు. ఆయన డ్రమ్ములు గట్టిగా వాయించమను. మాటలు వినపడనంత గట్టిగా.

ఇట్లు
రాసమ్మ

తా.క.: కృష్ణకుమార్ తెచ్చిన దండ పాడైపోతుందని కన్నబాబు దాన్ని మందిరంలో దేవుడికి వేసేశాడు. రిబ్బను తీయడం మరిచిపోయాడు. ఇప్పుడు రాముడి మెడలో "కన్నబాబు ఆత్మకు శాంతి కలుగుగాక" అని వేలాడుతోంది.


సైబర్‌జయ

పూజ్యులైన చిన్నమ్మమ్మకి తివ్య సిగ్గుతో నమస్కరించి రాసేది.

నీ ఉత్తరం చదివి సిగ్గుతో దివంగతురాలినయ్యాను. ఇక్కడ ఈ మాట సరిపోతుందా? నాకు ఇప్పుడు ఏ మాట మీదా నమ్మకం లేదు. ఒక్క మాట తప్పు రాసి నీ క్లాసుకే ముప్పు తెచ్చాను. దీన్ని సరిచేసేదాకా నాకు నిద్ర పట్టదు.

కానీ అమ్మమ్మా, నీ వినయం చూస్తే ఏడుపొచ్చింది. ప్రపంచమంతా వినబోయే పాటని చిన్నగా వేయమంటావా? డ్రమ్ములతో కప్పేయమంటావా? అలా జరగనివ్వను. నీ గొంతు వచ్చినప్పుడు డ్రమ్ములు పూర్తిగా ఆపేయమన్నాను. షిబాతా గారు వెంటనే ఒప్పుకున్నారు. కఫం గురించి కూడా దిగులు పడకు. దాన్ని తీసేయడానికి మా దగ్గర కంప్యూటరు ఉంది. రెండు రోజులు కూర్చుని నేనే శుభ్రం చేశాను. ఇప్పుడు ఒక్కో అక్షరం గంట కొట్టినట్టు వినిపిస్తోంది. థియేటర్లో ముందూ వెనకా పక్కలా స్పీకర్లు ఉంటాయి కాబట్టి నీ ఎడమ చెవికి కూడా వినపడుతుంది.

కన్నబాబు తాతయ్యకి అక్షరం పొల్లుపోకుండా వినపడేలా మధ్య వరసలో మంచి సీటు చెప్పి ఉంచుతాను. పక్క సీటు నీకు.

పాట ఎలా మొదలవుతుందో చెప్తాను. పాప బావిలోకి తొంగి చూసి "హహా… హహా…" అంటుంది. జపాను భాషలో తల్లిని హహా అంటారు. ఇంట్లో పిలవడానికి వేరే మాటలున్నాయి గానీ పాటలో ఇదే పెట్టుకున్నారు. దాని తరవాత నీ గొంతు మొదలవుతుంది. వింటే నా చేతుల మీద రోమాలు లేచి నిలబడ్డాయి.

ఇట్లు
నీ తప్పుల శిష్యురాలు
తివ్య

తా.క.: జపానులో తండ్రిని చిచీ అంటారు. ఈ సంగతి కన్నబాబు తాతయ్యకి చెప్పకు. ఇప్పటికే నా మీద కోపంగా ఉన్నారు.


బాగన్ దాతుక్

చిరంజీవి తివ్యకి దీవెనలు. నీకు దీవెనలివ్వడం కష్టంగా ఉంది గానీ ఇస్తున్నాను.

నేను చెప్పింది ఏమిటి, నువ్వు చేసింది ఏమిటి? చిన్నగా వేయమంటే గంట కొట్టినట్టు వేయిస్తావా? నిన్ను ఎవరు శుభ్రం చేయమన్నారు? నా కఫం నాకు ఎంత అవసరమో నీకేం తెలుసు?

తివ్యా, ఇప్పుడు సూటిగా చెప్తున్నాను. ఆ పాట తీసేయించు. కారణం అడగకు. నాకు ఒక మొక్కు ఉందని చెప్పు. మా వంశంలో ఆడవాళ్ళ పాట సినిమా హాల్లో వినపడితే వాన పడదని చెప్పు. ఏదైనా చెప్పు. ఏ కథ చెప్పినా నమ్మే మనిషిలా ఉన్నాడు శివతాత.

ఇక్కడ సంగతులు చెయ్యి దాటిపోయాయి. బస్సు నిండిపోయింది. బంటింగ్ నుంచి కృష్ణకుమార్ కుటుంబం కూడా వస్తోంది, దండ లేకుండా. మా క్లాసు పిల్లల తల్లిదండ్రులంతా వస్తున్నారు. కన్నబాబు కొత్త చొక్కా కుట్టించుకున్నాడు. పాట అయిపోయాక హాల్లోనే లేచి నిలబడి నాలుగు మాటలు మాట్లాడతాడట. నిన్న నా దగ్గరికొచ్చి "ఒదినా, మీ అమ్మ పాట నాను సిన్నప్పుడు ఇన్నాను గానీ మాటలు మర్సిపోయినాను. ఈసారి బాగా ఇనాల" అన్నాడు. ఆ మాట విన్న దగ్గర్నుంచి నాకు అన్నం సహించడం లేదు.

మోకాలు నొప్పి, నేను బస్సెక్కలేను అన్నాను. కన్నబాబు క్లినిక్కు నుంచి చక్రాల కుర్చీ అడిగి తెచ్చాడు. తలనొప్పి అన్నాను. శాంతాదేవి బామ్ రాసింది. ఈ మనుషులు మామూలు రోజుల్లో ఇంత మంచివాళ్ళు కారు.

ఆ జపాను వాళ్ళ సంగతి కూడా నాకు నచ్చలేదు. తల్లిని హహా అనడమేమిటి? తల్లంటే నవ్వులాటగా ఉందా వాళ్ళకి?

ఇట్లు
అన్నం సహించని
రాసమ్మ

తా.క.: కఫం తీసేసే కంప్యూటరు మాటలు కూడా తీసేయగలదా? పాటంతా తీయడం కుదరకపోతే "మరిదీ" అనే మాట ఒక్కటి తీసేసినా చాలు. అది ఎక్కువసార్లు వస్తుంది, దొరకడం కష్టం కాదు.


సైబర్‌జయ

పూజ్యులైన చిన్నమ్మమ్మకి తివ్య నమస్కరించి రాసేది. ఈ ఉత్తరం నీకు చేరేసరికి మీరంతా సినిమా చూసి ఇంటికి వచ్చేసి ఉంటారు. ముందే ఫోను చేసి చెప్పాల్సింది. ధైర్యం చాలలేదు.

అమ్మమ్మా, నీ పాట సినిమాలో లేదు.

చివరి రోజున డైరెక్టరు వచ్చి విన్నాడు. "పాట చాలా బాగుంది, కానీ ఇది వింటే భయం వేయడం లేదు, ఇంట్లో ఎవరినో కోప్పడుతున్నట్టుంది" అన్నాడు. వాళ్ళకి మన భాష తెలియదు కదా, ఏదో వాగాడు. మొత్తం తీసేశాడు. అప్పుడు షిబాతా గారు తన రికార్డరులోంచి వేరే ముక్క వినిపించారు. పాటకి ముందు, ఆయన అడిగేది నీకు వినపడక నువ్వు అన్నావు చూడు, "ఏటి? ఏటీ?" అని. అది. ఇప్పుడు సినిమాలో పాప బావిలోకి తొంగి చూసి "హహా…" అంటే, లోపలినుంచి నీ గొంతు "ఏటీ?" అంటుంది. నీ గొంతు అంతే ఉంది.

ఏ మాట పేరు చెప్పి కన్నబాబు తాతయ్య నీ క్లాసు మూసేస్తానన్నారో, ఆ మాట ఒక్కటే మిగిలింది. ఇదంతా నా వల్లే జరిగింది.

నువ్వు పోయిన ఉత్తరంలో పాట తీసేయించు, కారణం అడగకు అని ఎందుకు రాశావో నాకు ఇప్పుడు తెలిసింది. ఇలా జరుగుతుందని ముందే ఊహించావు. నేను బాధపడకూడదని, నీ అంతట నువ్వే వద్దన్నట్టు రాశావు. అది చదివి ఆఫీసు మెట్ల మీద కూర్చుని ఏడ్చాను. షిబాతా గారు చూసి, సంగతి తెలుసుకుని, తిన్నగా వెళ్ళి పాడే ఆయనతో గొడవ పెట్టుకున్నారు. ఒక గంటసేపు బ్యాండు మళ్ళీ విడిపోయింది. మా బాసు వాళ్ళ మధ్య నిలబడి బతిమాలాడు. చివరికి ఒప్పందం కుదిరింది. వాళ్ళ పాట బయటికి వచ్చేటప్పుడు దానితోపాటు నీ పాట మొత్తం, డ్రమ్ములు లేకుండా, విడిగా వేస్తారు. మాటలు తెలుగులో రాసి, అర్థంతో సహా అచ్చు వేస్తారు.

మాటలు రాసే తెలుగు నా దగ్గర లేదు. నువ్వు రాసిస్తే మళ్ళీ వినయంతో సగం కొట్టేస్తావు. అందుకని పాట మొత్తం కన్నబాబు తాతయ్యకి పంపించాను, సినిమా చూసొచ్చాకే వినమన్నాను. ఈసారి ఆయనకే విడిగా పంపాను. డిక్షనరీలో చావు లేనివాడు అనే మాట వెతికి, "చిరంజీవి కన్నబాబు తాతయ్య గారికి" అని రాశాను. ఇందులో తప్పు ఉండదనుకుంటాను. అక్షరం వదలకుండా రాసిస్తానని జవాబు పెట్టారు.

ఇట్లు
నీ ఋణం కొంచెమైనా తీర్చుకున్న
తివ్య

తా.క.: ఏటీ అంటే ఏమిటని షిబాతా గారు అడిగారు. జపాను భాషలో ఏమిటి అని అడగడానికి నాని అంటారు, అదే మాట అని చెప్పాను. ఆయన నమ్మలేదు. అది బావుల్ని కాపాడే దేవత పేరై ఉంటుందని, నాకు తెలుగు రాదని అన్నారు. రెండోది నిజమే కాబట్టి ఊరుకున్నాను.


బాగన్ దాతుక్

చిరంజీవి తివ్యని చిన్నమ్మమ్మ దీవించి రాసేది. ఈసారి దీవెనలు మనస్ఫూర్తిగానే. ఎందుకో చివరిదాకా చదువు.

నీకు ఒక సంగతి చెప్పాలి. ఆ రోజు నేను పాడింది మా అమ్మ పాట కాదు. మొదటి రెండు వరసలే మా అమ్మవి.

కొబ్బరాకు నీడలోన కునుకు తీయరా
కూలి తీరి అమ్మ వచ్చు, ఏడవమాకురా

అంతవరకు పాడేసరికి మిగతాది మరిచిపోయాను. ఎంత వెతుక్కున్నా రాలేదు. శివతాత కళ్ళు మూసుకుని వింటున్నాడు. నువ్వు చేతులు కట్టుకుని నిలబడ్డావు. ఆపేస్తే మా అమ్మకి అవమానం అనిపించింది. ఆ పొద్దున్నే కన్నబాబు వచ్చి క్లాసు మూసేస్తానని చెప్పి వెళ్ళాడు, ఆ కోపం గొంతులోనే ఉంది. జపాను ఆయనకి తెలుగు రాదు, నీకు వచ్చిన తెలుగు దీనికి చాలదు. ఆ రాగంలోనే మొదలుపెట్టేశాను.

మందిరానికి పెద్దనంటవు మరిదీ
మైకు దొరికితే వదిలిపెట్టవు మరిదీ
పాయసానికి ముందు నిలిచి మరిదీ
పనికి పిలిస్తే పారిపోతవు మరిదీ
తలకు మాత్రం నల్లరంగు మరిదీ
తలుపుకేమో తాళమేటి మరిదీ

ఇంకా చాలా ఉంది. నీకు పవిత్రంగా వినిపించింది ఇదే. శివతాత కళ్ళు చెమర్చింది పాయసం దగ్గరే అయి ఉంటుంది. పేరు పెట్టలేదు, నిజమే. కానీ నాకున్నది ఒక్కడే మరిది. పాట మొత్తం వేయిస్తాను, గంట కొట్టినట్టు వేయిస్తాను అని నువ్వు రాసినప్పుడల్లా నా గుండె జారిపోయింది అందుకే.

ఇక సినిమా సంగతి. నన్ను చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి పెళ్ళికూతురిలా తోసుకెళ్ళారు. పక్కన కొత్త చొక్కాలో కన్నబాబు, చెవి నిక్కబొడుచుకుని. నేను సినిమా చూడలేదు, రామనామం చెప్పుకుంటూ కూర్చున్నాను. చివర్లో ఆ పాప బావి మీదికి వంగి "హహా…" అంది.  లోపలినుంచి "ఏటీ?"

ముందు వరసలో చీనా పిల్లలు కెవ్వుమన్నారు. మలయ్ కుర్రాడొకడు స్నేహితుడి ఒళ్ళోకి ఎక్కేశాడు.  మన వరసల్లో మాత్రం శాంతాదేవి "ఓలమ్మ! మా అక్క గొంతు!" అని పగలబడి నవ్వింది. రెండోసారి పాప పిలిచేసరికి మన పిల్లలందరూ ఆ బావితో కలిసి "ఏటీ?" అని అరిచారు. ఇంట్లో తెలుగులో నోరు విప్పని పిల్లలు కూడా అరిచారు. వాళ్ళ మాట విని ముందు వరస చీనా పిల్లలు కూడా అందుకున్నారు.

నేను మాత్రం నవ్వలేకపోయాను. అది నా గొంతులా అనిపించలేదు తివ్యా. అచ్చం మా అమ్మ గొంతు. తోటలో కొబ్బరికాయలు పోగేస్తూ, దూరం నుంచి నేను పిలిస్తే, తల ఎత్తకుండానే అలాగే "ఏటీ?" అనేది. మా అమ్మ పోయి ఎన్నేళ్ళయిందో. చీకట్లో ఇంకోసారి పలికినట్టయింది. బాగా ఏడ్చాను. జపానులో తల్లిని హహా అంటే అనుకోనీ, నాకు ఇప్పుడు ఏ అభ్యంతరం లేదు.

హాల్లో మాట్లాడతానన్న నాలుగు మాటలు మానేసి కన్నబాబు అందరికంటే ముందు బస్సెక్కాడు. దిగేటప్పుడు "పాట ఏదొదినా? ఏటీ తప్ప ఏటీ నేదు" అన్నాడు. క్లాసు సంగతి ఎత్తలేదు. పాట లేకపోవడమే పదివేలని ఇంటికొచ్చి హాయిగా పడుకున్నాను. తరవాత నీ ఉత్తరం వచ్చింది. పాట కన్నబాబుకే పంపించాను అన్న చోటికి వచ్చేసరికి కళ్ళు తిరిగాయి. అది చదువుతుండగానే గుమ్మంలో మోటారుసైకిలు ఆగింది.

చేతిలో కాగితాలు. మొహం చూస్తే ఏమీ తెలియలేదు. కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"ఒదినా, మీ అమ్మ పాట అంతా రాసినాను. ఒక్క మాట ఇడిసిపెట్టనేదు. పాతకాలం పాట గదా, తోటలో కూలోళ్ళ మీద పెత్తనం సేసే పొగరుబోతు కంగాణీ ఎవుడి మీదో కట్టినట్టున్నారు."

నేను "ఊఁ" అన్నాను.

"అయిదో వరస కుంటుతున్నాది. సరిజేసినాను. ఏటి అన్న కాడ ఏమిటి అని రాసి సూసినాను. అతకనేదు, పాటకి ప్రాణం పోతున్నాది. మళ్ళీ ఏటి అనే రాసీసినాను."

"మంచిది మరిదీ."

"ఆదివారం నుంచి ఈ పాట పిల్లలకి నేర్పు. సినిమా సూసినాక ఇంకా పిల్లలు వస్తామంటన్నారు. బల్లలు సాలవు, తెప్పిస్తాను."

అప్పుడు నేను ఉండబట్టలేక అడిగాను. "క్లాసుకి తాళం ఏస్తానన్నావు గదా?"

కన్నబాబు కాగితాలు మడిచి నా ఒళ్ళో పెట్టాడు. తలుపు దాకా వెళ్ళి, అటు తిరిగే అన్నాడు. "తాళం ఏసీస్తే, రేపు నన్ను తెలుగులో తిట్టీవోళ్ళు ఎవులుంటారు ఒదినా?"

ఆ మాట అని వెళ్ళిపోయాడు.  

ఇట్లు
ఆదివారం పనిలో మునిగి ఉన్న
నీ చిన్నమ్మమ్మ
రాసమ్మ

తా.క.: కాగితాలు తరవాత విప్పి చూశాను. చివర నేను పాడని చరణం ఒకటి ఉంది. కన్నబాబే కట్టి కలిపాడు, నా మీద. ఒదిన వండిన చేపల పులుసులో చేపని వెతకడానికి టార్చిలైటు కావాలట. ఇది నేను చచ్చినా నేర్పనని కబురు పంపాను. అయితే ఆదివారం తనే క్లాసుకొచ్చి నేర్పుతానన్నాడు.